కత్తి దూసే ముందు క్షణం

మన ప్రేక్షకులకు కుంగ్‌ఫూ సినిమా అనగానే బ్రూస్‌లీ గుర్తొస్తాడు, ఆ వెనకే జాకీచాన్. ఇద్దరూ నిజంగా విద్య నేర్చినవాళ్ళు. దెబ్బ కొట్టినా, తిన్నా, గోడ మీంచి దూకినా అది వాళ్ళ ఒంటి సత్తా అని తెలుస్తూనే ఉంటుంది. వాళ్ళని చూసి చూసి మనలో ఒక కొలబద్ద స్థిరపడిపోయింది. పోరాటం వచ్చినవాళ్ళే పోరాట చిత్రాలకు అసలు నటులని, మిగతావాళ్ళు కెమెరా మాయతో నెట్టుకొచ్చారని అనుకుంటాం. ఈ కొలబద్ద పెడితే తైవాన్ నటి షూ ఫెంగ్ తేలిపోతుంది. సినిమాల్లోకి వచ్చేనాటికి ఆమెకు యుద్ధవిద్యల్లో ప్రవేశం లేదు, చిన్ననాటి నుంచి నాటకశాలలో ఒళ్ళు వంచి నేర్చిన చదువూ లేదు. అయినా 1970లలో వచ్చిన అత్యుత్తమ కత్తియుద్ధ చిత్రాలు కొన్ని ఆమె ముఖాన్ని నమ్ముకునే నడిచాయి. దాన్ని అదృష్టమనో, దర్శకుడి చలవ అనో కొట్టిపారేయడం అన్యాయం. పోరాట చిత్రంలో నటన అంటే కత్తి తిప్పడం ఒక్కటే అయితే ఆమెను పక్కన పెట్టొచ్చు. కత్తి ఒరలోంచి బయటికి రాకముందే ప్రేక్షకుడికి ఊపిరి బిగబట్టించడం కూడా నటనే అని ఒప్పుకుంటే, ఆ పనిలో ఆమెకు సాటి వచ్చేవాళ్ళు కొద్దిమందే.

షూ ఫెంగ్ 1950లో తైవాన్‌లో పుట్టింది. కుటుంబానికి ఆసరా కావడం కోసం టీనేజ్‌లోనే సినిమా కంపెనీ గడప తొక్కింది. ఆ కంపెనీ పేరు యూనియన్. అంతవరకు ఎక్కువగా సినిమాలు కొని పంపిణీ చేసిన ఆ సంస్థ, 1960ల నడుమ సొంతంగా తీయాలని పూనుకుంది. సరిగ్గా అప్పుడే హాంకాంగ్‌లోని షా బ్రదర్స్ స్టూడియో నుంచి కింగ్ హూ అనే దర్శకుడు బయటికొచ్చాడు. బీజింగ్‌లో పుట్టి, 1949లో హాంకాంగ్ చేరి, కళా విభాగంలోనూ నటుడిగానూ పనిచేసి మెగాఫోన్ పట్టినవాడు. 1966లో ఆయన తీసిన ‘కమ్ డ్రింక్ విత్ మి’ కత్తి పట్టిన కథానాయికతో పెద్ద విజయం సాధించింది. తైవాన్ వచ్చి యూనియన్‌కి తీసిన ‘డ్రాగన్ ఇన్’ 1967లో విడుదలై అక్కడి వసూళ్ళ రికార్డులను తిరగరాసింది. అందులో నాయిక షాంగ్‌క్వాన్ లింగ్‌ఫెంగ్. షూ ఫెంగ్‌కి దక్కింది చిన్న వేషం. ఆ తర్వాతి చిత్రానికి మాత్రం కింగ్ హూ ఆమెనే నాయికగా ఎంచుకున్నాడు. అదే ‘ఎ టచ్ ఆఫ్ జెన్’.

చైనీయులు వుషియా అని పిలిచే ఈ కథలను మన జానపద చిత్రాల పక్కన పెట్టి చూస్తే తేడా తెలుస్తుంది. మన జానపద వీరుడు చివరికి రాజ్యాన్నీ రాకుమారినీ గెలుచుకుంటాడు. వుషియా వీరుడికి రాజ్యం అక్కర్లేదు. అన్యాయం చేసే అధికారానికి ఎదురు నిలిచి, పని కాగానే వెళ్ళిపోతాడు. ఆ వీరుడు స్త్రీ కావడం అక్కడ కొత్త కూడా కాదు. పెకింగ్ ఒపేరాలో యుద్ధం చేసే స్త్రీ పాత్రలకు ప్రత్యేక శిక్షణ ఉంది, 1920ల నాటి షాంఘై మూగచిత్రాల్లోనూ కత్తి పట్టిన నాయికలు ఉన్నారు. కింగ్ హూ ఆ సంప్రదాయాన్నే అందుకున్నాడు. ఆయన విలన్లు తరచుగా మింగ్ రాజవంశపు రహస్య పోలీసులు, నపుంసక అధికారులు నడిపే ‘ఈస్టర్న్ డిపో’ గూఢచారులు. నిర్దోషులను వేటాడే ఆ యంత్రాంగం కథలు తెర మీద ఆడుతున్న రోజుల్లో తైవాన్ మార్షల్ లా కింద ఉందన్న సంగతి కూడా గుర్తుంచుకోవాలి. 1949లో విధించిన ఆ చట్టం 1987 దాకా పోలేదు.

తనకు కుంగ్‌ఫూ గురించి ఏమీ తెలియదని, తన పోరాటాలన్నీ పెకింగ్ ఒపేరా రంగస్థలం నుంచి వచ్చినవేనని కింగ్ హూ దాపరికం లేకుండా చెప్పుకున్నాడు. ఆయనకు పోరాటాలు కూర్చిన హాన్ యింగ్‌జియే కూడా ఒపేరాలో తయారైనవాడే. ఒపేరాలో యుద్ధం లయ మీద నడుస్తుంది. తాళం వేగం పుంజుకుంటుంది, నటులు గాల్లో గిరికీలు కొడతారు, ఉన్నట్టుండి పెద్ద తాళం మోగగానే అందరూ శిల్పాల్లా నిలబడిపోతారు. ఆ నిలుపులోనే పాత్ర ఎవరో, ఎంతటిదో ప్రేక్షకుడికి అందుతుంది. కింగ్ హూ ఈ లయను ఎడిటింగ్‌లోకి తెచ్చాడు. కనబడకుండా పెట్టిన ట్రాంపొలిన్ల మీంచి నటులు ఎగురుతారు. ఎగరడం ఒక ముక్క, మలుపు ఇంకో ముక్క, దిగడం మరో ముక్క. కొన్ని ముక్కలు సెకను కూడా ఉండవు. కన్ను పూర్తిగా పట్టుకునేలోపే జరిగిపోయిందనిపించడం ఆయనకు కావాలి. అమెరికన్ సినిమా పండితుడు డేవిడ్ బోర్డ్‌వెల్ దీని మీద ఒక వ్యాసమే రాశాడు. మనకు చర్య మొత్తం కాక దాని మెరుపు మాత్రమే చూపించి, వీరుల వేగం మన చూపుకి అందనిదని నమ్మిస్తాడని ఆయన విశ్లేషణ.

‘ఎ టచ్ ఆఫ్ జెన్’లోని వెదురుతోపు పోరాటం ఈ పద్ధతికి పరాకాష్ఠ. తెర మీద పది నిమిషాలుండే ఈ ఘట్టానికి 25 రోజులు షూటింగ్ చేశారని చెబుతారు. ఎత్తయిన వెదుళ్ళ మధ్య ఆకుపచ్చని మసక వెలుతురు. యాంగ్ హుయిజెన్ పాత్రలో షూ ఫెంగ్, సేనాని షీ పాత్రలో బాయ్ యింగ్. వెంటాడుతున్న గూఢచారులతో కత్తులు కలుస్తాయి, విడిపోతాయి, మళ్ళీ అందరూ కదలకుండా నిలబడతారు. ఆమె తల కొద్దిగా ఎత్తి పైకి చూస్తుంది. ఆ చూపు వెంట మన కళ్ళూ వెదురు చివర్లకు వెళతాయి. తర్వాతి క్షణాల్లో ఆమె సహచరుడి ఊతంతో పైకి లేస్తుంది, బోదెల మధ్య ఎక్కడో మలుపు తిరుగుతుంది, పిడిబాకు ముందుకు చాచి తలకిందులుగా శత్రువు మీదికి దూసుకొస్తుంది. ఈ దూకుడును ముక్కలు ముక్కలుగా తీశారని, ఏ ఒక్క ముక్కలోనూ మనిషి ఎగరలేదని అందరికీ తెలుసు. అయినా నమ్ముతాం. ఎగరకముందు ఆమె పైకి చూసిన చూపులో, ఏం చేయబోతోందో లెక్క కట్టేసుకున్న నిశ్చయం ఉంది కాబట్టి నమ్ముతాం. ఎడిటింగ్ ఎంత గొప్పదైనా, అతకడానికి ముందు వెనక ఒక మనసు కనబడాలి. ఆ మనసును సమకూర్చింది నటి.

ఈ మాట వెదురుతోపు ఒక్కదానితో నిలబడదు, సినిమా మొత్తం చూడాలి. పు సోంగ్‌లింగ్ పాతకాలపు కథల్లోంచి తీసుకున్న ఇతివృత్తం ఇది. సరిహద్దు ఊళ్ళో బొమ్మలు గీసి బతికే గూ అనే పండితుడు, పెళ్ళి చేసుకోమని పోరు పెట్టే అతని తల్లి, పాడుబడ్డ కోటలోకి కొత్తగా దిగిన పొరుగింటి పిల్ల. ఆ పిల్ల ఎవరన్నది దాదాపు గంటసేపు మనకి తెలియదు, ఆ గంటసేపూ ఆమె కత్తి పట్టదు. సంబంధం కలుపుకుందామని ఆ తల్లి అడిగితే వద్దంటుంది. రాత్రి వెన్నెల్లో తంత్రీవాద్యం మీటుతుంది. తెల్లవారి శత్రువు గుమ్మంలోకి రాగానే అదే మనిషి క్షణంలో యోధగా మారుతుంది. గూ నిర్ఘాంతపోతాడు. మనం మాత్రం అంతగా ఆశ్చర్యపోం, ఎందుకంటే ముందు గంటలో ఆమె నిలబడిన తీరులో, మాటకి మాట బదులివ్వకుండా ఎదుటివాళ్ళని తేరిపార చూసిన తీరులో ఏదో అదిమిపెట్టి ఉందని మనకి అనిపిస్తూనే ఉంది. తండ్రిని చంపినవాళ్ళ నుంచి పారిపోతున్న కూతురి జాగ్రత్త అది. షూటింగ్ మొదలైనప్పుడు ఆమెకు ఇరవై ఏళ్ళు కూడా నిండలేదు. ఆ వయసులో కెమెరా ముందు ఏదో ఒకటి చేసి మెప్పించాలన్న తాపత్రయం ఏ నటికైనా సహజం. ఆమె దాన్ని అణుచుకోగలిగింది.

ఇక్కడ గట్టి అభ్యంతరం ఒకటుంది. కింగ్ హూ సెట్లు, దుస్తులు, ఎడిటింగ్ అన్నీ తన చేతిలో పెట్టుకున్న దర్శకుడు. నటులు ఎటు తిరగాలో, ఎప్పుడు ఆగాలో ఆయనే నిర్ణయించాడు. అలాంటప్పుడు ఆ స్తిమితం నటిదా, దర్శకుడిదా అని ఎవరైనా అడగొచ్చు. న్యాయమైన ప్రశ్నే. అయితే దర్శకుడి పద్ధతి అందరికీ ఒకటే అయినప్పుడు, అదే పద్ధతిలో వేర్వేరు నటులు ఎలా పలికారో చూడాలి. అందుకు 1973 నాటి ‘ది ఫేట్ ఆఫ్ లీ ఖాన్’ కన్నా మంచి సాక్ష్యం లేదు. కథంతా దాదాపు ఒక పూటకూళ్ళ ఇంట్లోనే జరుగుతుంది. యజమానురాలు, ఆమె దగ్గర పనిచేసే ఆడపిల్లలు రహస్యంగా తిరుగుబాటుదారులు. ఆ పిల్లల్లో ఒకరు ఏంజెలా మావ్. ‘ఎంటర్ ది డ్రాగన్’లో బ్రూస్‌లీ చెల్లెలిగా మనకి గుర్తున్న నటి ఈమె. చిన్నప్పుడే ఒపేరా నేర్చి, హాప్‌కిడో అనే యుద్ధవిద్యలో ఆరితేరిన మనిషి. కాలు విసిరితే నిజంగా విసిరినట్టుంటుంది. సినిమా సగమయ్యాక మంగోల్ ప్రభువు లీ ఖాన్, అతని చెల్లెలు ఆ ఇంట్లో దిగుతారు. చెల్లెలి పాత్ర షూ ఫెంగ్‌ది, అంటే ఈసారి ఆమె విలన్ల పక్షం. ఆమె రాకతో సినిమా ఊపిరే మారిపోతుంది. అంతవరకు గలగలలాడిన గది బిగుసుకుపోతుంది. ఆమె పెద్దగా ఏమీ చేయదు, కూర్చుంటుంది, చూస్తుంది. ఎవరి చేయి ఎక్కడుందో, ఎవరు ఎవరికి సైగ చేశారో ఆమె కళ్ళు లెక్కబెడుతున్నాయని మనకి తెలుస్తుంది, ఆ పూటకూళ్ళ ఇంటి పిల్లల ప్రాణాల కోసం మనం భయపడతాం. అదే గది, అదే దర్శకుడు, అదే ఎడిటింగ్. విద్య తెలిసిన ఏంజెలా మావ్ కదలికతో మెప్పిస్తే, షూ ఫెంగ్ కదలకపోవడంతో భయపెట్టింది. రెండోది కూడా నేర్చుకుంటేనే వచ్చే విద్య.

1975లో వచ్చిన ‘ది వేలియంట్ వన్స్’ ఈ మాటకి ఇంకా బలమిస్తుంది. చైనా తీరాన్ని దోచుకునే సముద్రపు దొంగల మీద చిన్న బృందం సాగించే పోరు అది. అందులో భార్యాభర్తలైన ఇద్దరు యోధులు బాయ్ యింగ్, షూ ఫెంగ్. సినిమా పొడవునా ఆమె దాదాపు నోరు విప్పదు. సంభాషణ అనే ఊతం కూడా తీసేశాక నటికి మిగిలేది తల తిప్పడం, కనురెప్ప ఎత్తడం, భర్త వైపు ఒకసారి చూడడం. అవి చాలాయి. ఆ జంట మధ్య ఎంత నమ్మకముందో చెప్పే ఒక్క డైలాగూ అవసరపడలేదు. దర్శకుడు మాటలు తీసేయడానికి ధైర్యం చేశాడంటే, ఈ నటి ఉంటే మాటలు లేకపోయినా నడుస్తుందని అప్పటికే ఆయనకు తెలిసి ఉండాలని నేననుకుంటాను.

కింగ్ హూ లేని చోట ఆమె సంగతేమిటి? 1970లలో తైవాన్ పరిశ్రమ పోరాట చిత్రాలను మిల్లులో బట్ట నేసినట్టు నేసింది. ఆ వరదలో షూ ఫెంగ్ చేసిన సినిమాలు చాలావరకు చప్పగా ఉంటాయి. దీన్ని దాచిపెట్టి వాదించడంలో అర్థం లేదు. కొద్ది వారాల్లో చుట్టేసే సినిమాకి నిశ్శబ్దంతో పని లేదు. ఆమె బలమంతా నిశ్శబ్దంలోనే ఉంది. 1977లో లో వీ దర్శకత్వంలో ఇంకా స్టార్ కాని జాకీచాన్ పక్కన చేసిన ‘టు కిల్ విత్ ఇంట్రీగ్’ చూస్తే, అతుకులబొంత లాంటి కథ మధ్య ప్రేమనూ పగనూ కలిపి మోస్తున్న ఆమె పాత్ర ఒక్కటే మనసులో నిలుస్తుంది. అంతకంటే గట్టి లెక్క పురస్కారాలది. చైనీస్ భాషా చిత్రాలకు తైవాన్ ఇచ్చే గోల్డెన్ హార్స్ అవార్డుల్లో ఆమె రెండుసార్లు ఉత్తమ నటి అయింది, 1976లో ‘అసాసిన్’కి, 1980లో ‘ది పయనీర్స్’కి. రెండూ కింగ్ హూ తీసినవి కావు. రెండోది కత్తుల చిత్రమే కాదు, తైవాన్ నేలలో చమురు కోసం తొలినాళ్ళలో పాట్లు పడినవాళ్ళ కథ. దర్శకుడు ఆడించిన బొమ్మే అయితే ఆ చేతులు లేనిచోట ఆమె కుప్పకూలాలి కదా.

మరి ఇంతటి నటి పేరు ప్రపంచానికి ఎందుకు అంతగా తెలియలేదు? కాలం ఆమెకు అడ్డం తిరిగిందన్నది ఒక కారణం. 1967లో షా బ్రదర్స్ వాళ్ళ ‘వన్-ఆర్మ్‌డ్ స్వోర్డ్స్‌మన్’తో దర్శకుడు చాంగ్ చె మగవీరుల ఒరవడి తెచ్చాడు. 1971లో ‘ది బిగ్ బాస్’తో బ్రూస్‌లీ వచ్చాడు. కత్తి పోయి పిడికిలి వచ్చింది, స్త్రీ పోయి చొక్కా విప్పిన మగవాడు వచ్చాడు. ‘ఎ టచ్ ఆఫ్ జెన్’ సరిగ్గా ఈ మలుపులో చిక్కుకుంది. చిత్రీకరణకి ఏళ్ళు పట్టింది, మూడు గంటల సినిమాను తైవాన్‌లో 1970, 71లలో రెండు భాగాలుగా విడదీసి వదిలారు, డబ్బు రాలేదు. తర్వాత 1975లో కాన్ చిత్రోత్సవం దానికి బహుమతి ఇచ్చింది. అయితే అది సాంకేతిక ప్రతిభకు ఇచ్చిన బహుమతి. దాంతో పశ్చిమ దేశాల్లో ఆ సినిమా గురించి మాట్లాడినవాళ్ళు ఎక్కువగా ఎడిటింగ్ గురించి, వెలుతురు గురించి మాట్లాడారు. తెర నిండా కనబడిన ముఖం గురించి మాట్లాడినవాళ్ళు తక్కువ. బహుమతి సినిమాకు మేలే చేసింది, నటికి మాత్రం నీడ వేసింది.

కింగ్ హూతో ఆమె ఆఖరి పెద్ద చిత్రాలు రెండూ 1979 నాటివి, దక్షిణ కొరియాలోని కొండల మధ్య, ప్రాచీన బౌద్ధ ఆలయాల్లో ఒకే దఫాలో తీసినవి. ‘రెయినింగ్ ఇన్ ది మౌంటెన్’లో ఆమె తెల్లనక్క అనే పేరున్న దొంగ. మఠంలో దాచిన పవిత్ర గ్రంథాన్ని కాజేయడానికి ఒక ధనికుడి ఉంపుడుగత్తె వేషంలో వస్తుంది. నడవాల వెంట, గోడల మాటున అడుగు చప్పుడు కాకుండా పరుగెత్తే ఆ తొలి ఘట్టాల్లో పోరాటమే లేదు, అయినా కళ్ళు తిప్పుకోలేం. ‘లెజెండ్ ఆఫ్ ది మౌంటెన్’లో డప్పు వాయించి మనుషులను వశం చేసుకునే దయ్యం ఆమె. అంతవరకు ఆమె నిగ్రహాన్నే మెచ్చుకున్నవాళ్ళకి ఇక్కడ ఆమె ఆకలి, అసూయ, కోపం కనిపిస్తాయి. ఆమెకు వచ్చింది ఒకే ముఖకవళిక అనేవాళ్ళకి ఈ సినిమా జవాబు.

1980ల మొదట్లోనే ఆమె నటన విరమించింది. వ్యాపారవేత్త తాంగ్ చున్నియెన్‌ను పెళ్ళాడి, 1984లో టామ్సన్ ఫిలిమ్స్ పేరుతో నిర్మాణ సంస్థ పెట్టింది. 1990లో ఆ సంస్థ తీసిన ‘రెడ్ డస్ట్’ ఎనిమిది గోల్డెన్ హార్స్‌లు గెలుచుకుంది. 1993లో అదే సంస్థ తీసిన ‘ఫేర్‌వెల్ మై కాంక్యుబైన్’ కాన్‌లో అగ్ర బహుమతి పామ్ డోర్ అందుకుంది, జేన్ క్యాంపియన్ ‘ది పియానో’తో కలిసి. చైనీస్ భాషా చిత్రానికి ఆ బహుమతి దక్కింది అప్పుడే, ఇప్పటికీ అదొక్కటే. భర్త సంపద ఉంటే ఎవరైనా నిర్మాత కావచ్చని ఎవరైనా పెదవి విరవచ్చు. డబ్బు అక్కడి నుంచి వచ్చిందన్నది నిజమే. కానీ ఆ సినిమాకి మూలమైన లిలియన్ లీ నవల హక్కులు కొన్నది, అప్పటికి మెల్లగా సాగే ప్రయోగ చిత్రాలకు పేరుపడ్డ దర్శకుడు చెన్ కైగను 1988లో కాన్‌లో కలిసి ఇది నువ్వే తీయాలని వెంటపడి ఒప్పించింది షూ ఫెంగ్. ఆ నవల దేని గురించి? పెకింగ్ ఒపేరాలో చిన్నప్పుడే దెబ్బలు తింటూ తయారైన ఇద్దరు నటుల గురించి, వేషం మనిషిని మింగేయడం గురించి. ఒపేరా లయ మీద కట్టిన సినిమాల్లో, ఒపేరాలో పెరిగినవాళ్ళ పక్కన, వాళ్ళ విద్య తనకు లేకుండానే పన్నెండేళ్ళు నిలదొక్కుకున్న నటికి ఆ కథ విలువ ఎవరూ చెప్పక్కర్లేదు. నిర్మాతగా ఆమె చేసిన ఎంపికలు నటిగా ఆమె నేర్చినదాని కొనసాగింపుగానే నాకు కనిపిస్తాయి.

కింగ్ హూ 1997 జనవరిలో తైపేలో గుండె శస్త్రచికిత్స సమయంలో కన్నుమూశాడు. ఆయన సినిమాల నెగెటివ్‌లు పాతబడి, ప్రతులు రంగు వెలిసి, రాత్రి దృశ్యాల్లో మనిషి ఆకారం కూడా సరిగా తెలియని స్థితికి వచ్చాయి. ‘ఎ టచ్ ఆఫ్ జెన్’ను 4కెలో పునరుద్ధరించడానికి డబ్బిచ్చింది షూ ఫెంగే. ఆ ప్రతిని 2015లో కాన్ క్లాసిక్స్ విభాగంలో ప్రదర్శించారు. 2017లో గోల్డెన్ హార్స్ ఆమెకు జీవిత సాఫల్య పురస్కారం ఇచ్చింది. ఇన్నాళ్ళూ చీకట్లో కలిసిపోయిన ముఖం పునరుద్ధరణతో స్పష్టమైంది కాబట్టి, ఇక్కడ చేసిన వాదన నిజమో కాదో ఇప్పుడు ఎవరికి వాళ్ళు తేల్చుకోవచ్చు. మొదటిసారి చూసేవాళ్ళు మూడు గంటల సినిమాతో కాకుండా ‘ది ఫేట్ ఆఫ్ లీ ఖాన్’తో మొదలుపెట్టడం మేలు. మొదటి సగం సరదాగా సాగిపోతుంది, ఏంజెలా మావ్ కూడా తెలిసిన ముఖమే. లీ ఖాన్ చెల్లెలు లోపలికి వచ్చి కూర్చున్న దగ్గర్నుంచి కత్తుల వంక కాకుండా ఆమె కళ్ళ వంక చూస్తూ ఉండండి. ఆ తర్వాత వెదురుతోపుకి వెళ్ళొచ్చు.